మత్తు ఎంత వేగంగా ఎక్కుతుంది? వ్యసనాల చరిత్రలో అసలు ప్రశ్న

1900 నాటికి ఊపిరితిత్తుల క్యాన్సర్ అరుదైన జబ్బు. పెద్దాసుపత్రిలో ఏళ్ల తరబడి పనిచేసిన డాక్టరు కూడా వేళ్ల మీద లెక్కపెట్టగలిగినన్ని కేసులే చూసేవాడు. పొగాకు అప్పటికే ఐరోపాలో మూడు వందల ఏళ్లకు పైగా వాడుకలో ఉంది. ముక్కుపొడుంగా పీల్చేవాళ్లు, చుట్టగా, పైపులో కాల్చేవాళ్లు, దవడన పెట్టి నమిలేవాళ్లు. మరో యాభై ఏళ్లు తిరిగేసరికి బ్రిటన్‌లో, అమెరికాలో మగవాళ్లను వేల సంఖ్యలో చంపే జబ్బుల్లో ఊపిరితిత్తుల క్యాన్సర్ ఒకటైంది. మొక్క అదే, మనిషీ అతనే. పొగాకు ఒంట్లోకి వెళ్లే దారి మారింది.

నల్లమందు విషయంలోనూ, సారా విషయంలోనూ ఇలాగే జరిగింది. కొత్త యంత్రమో, కొత్త పరికరమో, మునుపటికన్నా ఘాటైన సరుకో వచ్చిన ప్రతిసారీ పాత పదార్థమే కొత్త ఉపద్రవమైంది. ప్రభుత్వాలు మాత్రం ముందుగా వాడేవాడి నడవడిని తప్పుపట్టాయి. సరుకు తయారీ మీద, అమ్మకం మీద, మోతాదు మీద అదుపు పెట్టిన చోట ప్రాణాలు దక్కాయి. మనిషిని వేటాడిన చోట చాలాసార్లు నష్టం పెరిగింది. ఈ తేడా అర్థం కావాలంటే ముందు వేగం సంగతి చూడాలి.

మింగిన మాత్ర కడుపులో కరిగి, కాలేయం దాటి రక్తంలో కలవడానికి సుమారు అరగంట, ఒక్కోసారి అంతకన్నా ఎక్కువ పడుతుంది. దారిలో కాలేయం కొంత భాగాన్ని విరిచేస్తుంది కూడా. దవడన పెట్టుకున్న పొగాకులోని నికోటిన్ నోటి పొరల్లోంచి మెల్లగా ఇంకుతుంది. అదే నికోటిన్ ఊపిరితిత్తుల్లోకి లాగిన పొగలో ఉంటే 10 నుంచి 20 సెకన్లలో మెదడుకు చేరుతుంది. నరానికి ఎక్కించిన సూదిమందు వేగమూ ఇంచుమించు ఇంతే. చేసిన పనికీ అందిన హాయికీ మధ్య ఎడం ఎంత తగ్గితే మెదడు ఆ రెండింటినీ అంత గట్టిగా ముడివేసుకుంటుంది. ఒక సిగరెట్‌కు పది దమ్ములు అనుకుంటే, రోజుకో పెట్టె కాల్చేవాడి మెదడు ఆ పాఠాన్ని రోజుకు 200 సార్లు, ఏడాదికి 73,000 సార్లు వల్లె వేస్తుంది. ఇంతగా పునరావృతమయ్యే మత్తు అలవాటు మరొకటి లేదు.

లండన్ జిన్: నిషేధం ఎందుకు వీగిపోయింది

17వ శతాబ్దం చివర్లో ఇంగ్లండ్ ప్రభుత్వం ఫ్రెంచి బ్రాందీ దిగుమతిని అడ్డుకుంది, దేశంలో సారా కాచడానికి తలుపులు బార్లా తెరిచింది. ధాన్యం చవక, సుంకం తక్కువ. అప్పటిదాకా బీరు తాగిన నగర పేదలకు అదే డబ్బుతో ఎన్నో రెట్లు ఘాటైన జిన్ వీధి బండి మీద కూడా దొరికింది. బీరు లోటాలకు లోటాలు తాగితే కడుపు నిండుతుంది, తాగేవాడు అక్కడ ఆగుతాడు. జిన్‌కు ఆ అడ్డు లేదు.

1736లో పార్లమెంటు పేరుకు పన్ను చట్టం తెచ్చింది, నిజానికి అది నిషేధమే. చిల్లరగా అమ్మాలంటే 50 పౌండ్ల లైసెన్సు, గ్యాలనుకు 20 షిల్లింగుల సుంకం కట్టాలి. ఆ లైసెన్సు తీసుకున్నవాళ్లు దాదాపు ఎవరూ లేరు. దొంగచాటుగా అమ్మేవాళ్ల ఆచూకీ చెబితే 5 పౌండ్ల బహుమతి అన్నారు. దాంతో నిరుపేద అమ్మకందార్లు, వాళ్లలో ఎక్కువగా ఆడవాళ్లు, జైలు పాలయ్యారు. సమాచారం ఇచ్చినవాళ్లను జనం వీధుల్లో వెంటపడి కొట్టారు. కాచే బట్టీలు మాత్రం యథాప్రకారం నడిచాయి. 1743లో చట్టాన్ని రద్దుచేసి, కట్టగలిగే లైసెన్సు రుసుమూ బట్టీ దగ్గరే వసూలయ్యే సుంకమూ పెట్టారు. 1751 చట్టం బట్టీవాళ్లు నేరుగా చిల్లరగా అమ్మకూడదంది, లైసెన్సు లేని కొట్లకు సరుకు ఇవ్వకూడదంది. ఆ తర్వాత వాడకం నిజంగానే పడిపోయింది. 1757లో పంటలు దెబ్బతిని ధాన్యంతో సారా కాయడాన్నే కొన్నేళ్లు ఆపేశారు, తగ్గుదలలో దానికీ వాటా ఉంది. వేల మంది చిల్లర అమ్మకందార్ల వెంట పరుగెత్తడం మాని, గుర్తించడానికి వీలైన కొద్దిపాటి బట్టీల దగ్గర కళ్లెం వేయడమే చట్టంలో వచ్చిన అసలు మార్పు.

నల్లమందు, సూది, మూడుసార్లు చేసిన ఒకే వాగ్దానం

జర్మనీలో ఫ్రెడరిక్ సెర్టుర్నర్ 19వ శతాబ్దం తొలి ఏళ్లలో నల్లమందు నుంచి మార్ఫిన్‌ను వేరుచేశాడు. 1853లో ఎడిన్‌బరోలో అలెగ్జాండర్ వుడ్, ఫ్రాన్స్‌లో ఛార్లెస్ ప్రవాజ్ ఎవరి దారిన వాళ్లు బోలు సూది ఉన్న సిరంజిని రూపొందించారు. నల్లమందు బానిసత్వం కడుపులో పుట్టే ఒకరకం ఆకలి అని ఆనాటి డాక్టర్లలో చాలామంది నమ్మేవారు. సూదిమందు కడుపును తాకదు కాబట్టి అలవాటు పడే ప్రమాదం లేదనుకున్నారు. జరిగింది సరిగ్గా తిరగబడి. మార్ఫిన్ సూదికి అలవాటు పడ్డవాళ్లతో వైద్యుల గదులు నిండిపోయాయి.

1898లో బేయర్ కంపెనీ హెరాయిన్‌ను దగ్గుమందుగా అమ్మకానికి పెట్టింది. మార్ఫిన్ కన్నా ఇది తక్కువ ప్రమాదమనే ఆశ అప్పటి వైద్యంలో ఉండేది. నిజానికి హెరాయిన్ కొవ్వులో ఎక్కువగా కరుగుతుంది కాబట్టి మార్ఫిన్ కన్నా చురుగ్గా మెదడులోకి చొరబడుతుంది, అక్కడికెళ్లాక విరిగి మార్ఫినే అవుతుంది.

మూడోసారి ఇదే మాట 1996లో వినిపించింది. పర్డ్యూ ఫార్మా తెచ్చిన ఆక్సీకాంటిన్ అనే నొప్పి మాత్ర 12 గంటల పాటు కొద్దికొద్దిగా మందును వదులుతుంది. నెమ్మదిగా ఒంటికి పడుతుంది కాబట్టి దుర్వినియోగం తగ్గుతుందని భావిస్తున్నట్టు అమెరికా మందుల నియంత్రణ సంస్థ ఆమోదించిన లేబుల్ మీదే రాశారు. తర్కం సరైనదే, మాత్రను చెక్కుచెదరకుండా మింగినంత వరకు. నలగ్గొట్టి పొడిచేస్తే 12 గంటల కోసం దాచిన మోతాదంతా ఒక్కసారిగా చేతికొస్తుంది. పైగా ఇలాంటి నొప్పి మందులకు అలవాటు పడటం అరుదని చెప్పడానికి ఎక్కువగా చూపిన ఆధారాల్లో ఒకటి 1980లో ఒక వైద్య పత్రికలో అచ్చయిన ఐదు వాక్యాల ఉత్తరం. ఆసుపత్రిలో ఉండగా నార్కోటిక్ మందు కనీసం ఒకసారి తీసుకున్న 11,882 మందిలో, పూర్వం వ్యసనం లేనివాళ్లలో నలుగురే బానిసలైనట్టు నమోదైందని అందులో ఉంది. నెలల తరబడి ఇంటి దగ్గర మాత్రలు వేసుకునేవాళ్ల గురించి అందులో ఒక్క ముక్కా లేదు. అయినా ఆ ఉత్తరాన్ని 600కు పైగా వ్యాసాలు ఉటంకించాయి. 2007లో ఆ కంపెనీ తప్పుదోవ పట్టించేలా ప్రచారం చేశానని కోర్టులో ఒప్పుకుంది. 2010లో నలగ్గొట్టినా పొడి కాని కొత్త మాత్ర తెచ్చింది. అప్పటికే బానిసలైనవాళ్లకు చికిత్స అందలేదు, మాత్ర మాత్రం పనికిరాకుండా పోయింది. వాళ్లలో చాలామంది హెరాయిన్‌కు మారారు.

ఈ కథలో సమాజం చూపు ఎలా మారిందో కూడా గమనించాలి. 19వ శతాబ్దం చివరి అమెరికాలో సగటు మార్ఫిన్ బానిస మధ్యవయసు తెల్లజాతి గృహిణి, ఆమెకు అలవాటు చేసింది ఆమె డాక్టరే. ఆమె రోగి. అదే కాలంలో శాన్‌ఫ్రాన్సిస్కోలో చైనా కూలీలు నల్లమందు పొగ పీల్చే చోట్లను నేరస్థలాలుగా ప్రకటిస్తూ 1875లోనే నగర శాసనం వచ్చింది. మూలపదార్థం ఒకటే. మత్తుమందుల అమ్మకాన్ని అదుపు చేసే 1914 హారిసన్ చట్టం, దాని తర్వాత డాక్టర్లు బానిసలకు మామూలు మోతాదు రాసివ్వడం వైద్యం కిందికి రాదని 1919లో సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పు కలిసి ఆ గృహిణి తరం వాళ్లకూ డాక్టరు తలుపు మూసేశాయి. బ్రిటన్ 1926లో రోల్స్టన్ కమిటీ సలహా మీద ఎదురు దారి పట్టింది. మానలేని రోగికి వైద్యుడు కొలిచిన మోతాదు రాయొచ్చంది. తర్వాతి ముప్ఫై ఏళ్లు అక్కడ నమోదైన బానిసల సంఖ్య వందల్లోనే ఉంది. మొదటి నుంచీ అక్కడ వాళ్లు తక్కువే, కాబట్టి ఘనతంతా ఆ విధానానికి కట్టబెట్టడం సరికాదు. కానీ ఆ విధానం వల్ల వ్యసనం విజృంభిస్తుందన్న భయం తప్పని తేలింది.

వేగమే సర్వస్వం కాదని చూపే ఉదాహరణ వియత్నాం యుద్ధం. అక్కడ చవకగా, స్వచ్ఛంగా దొరికిన హెరాయిన్‌కు అమెరికా సైనికుల్లో ఐదో వంతు మంది బానిసలయ్యామని చెప్పారు. 1971లో ఇళ్లకు తిరిగొచ్చాక పరిశోధకురాలు లీ రాబిన్స్ బృందం వాళ్లను వెతికి ప్రశ్నించింది. అక్కడ బానిసలైనవాళ్లలో తొలి ఏడాదిలో మళ్లీ బానిసలైనవాళ్లు సుమారు 5 శాతమే. సరుకు అందుబాటు, తోడున్న మనుషులు, చుట్టూ ఉన్న భయం, విసుగు, ఇవన్నీ పోయాక పట్టు సడలింది.

నిషేధం సరుకును ఘాటెక్కిస్తుంది

1920 నుంచి 1933 దాకా నడిచిన అమెరికా మద్యనిషేధాన్ని పూర్తి వైఫల్యం అనడం ఇప్పుడు పరిపాటి. అది నిజం కాదు. మొదట్లో తాగుడు బాగా తగ్గింది, కాలేయం గట్టిపడి చనిపోయేవాళ్లూ తగ్గారు. కానీ దొంగరవాణాకు తనదైన లెక్క ఉంది. పట్టుబడే ప్రమాదం డబ్బాకు ఇంత అని ఉన్నప్పుడు ఆ డబ్బాలో బీరు పోయడం దండగ, గాఢమైన సారా పోస్తేనే గిట్టుబాటు. బీరు కనుమరుగైంది, సారా నిలిచింది. ఇవాళ ఫెంటానిల్ అనే కృత్రిమ మత్తుమందు హెరాయిన్‌ను వెనక్కి నెట్టడానికీ ఈ లెక్కే కారణం. మార్ఫిన్ కన్నా అది 50 నుంచి 100 రెట్లు శక్తిమంతం. అలవాటు లేనివాణ్ని 2 మిల్లీగ్రాములు చంపగలవు. అంత కొద్ది పరిమాణాన్ని చాటుమాటున పొడుల్లో సమంగా కలపడం అసాధ్యం. ఒక చిటికెలో ఏమీ ఉండదు, పక్క చిటికెలో చావు ఉంటుంది. విరుగుడు నాలాక్సోన్ నిమిషాల్లో ఊపిరి తెప్పిస్తుంది కానీ 30 నుంచి 90 నిమిషాలే పనిచేస్తుంది. లేచి కూర్చున్న మనిషిని ఒంటరిగా వదిలేస్తే, ఒంట్లో మిగిలిన మందు మళ్లీ ఊపిరి ఆపేయవచ్చు.

కల్తీ ఎలా పుడుతుందో 1930 నాటి అల్లం టింక్చర్ ఉదంతం చెబుతుంది. ఆ టింక్చర్‌లో 70 శాతానికి పైగా ఆల్కహాలు ఉండేది. మందు పేరుతో అమ్మడానికి అనుమతి ఉంది, కాకపోతే నోట పెట్టలేనంత అల్లం సారం కలిసి ఉండాలి. తనిఖీ చేసేవాళ్లు కొంత ద్రవాన్ని మరిగించి, ఆల్కహాలు ఆవిరయ్యాక అడుగున మిగిలిన గసి తూకం వేసేవారు. తూకం సరిపోతే చాలు. అల్లం ఖర్చు తగ్గించుకోవడానికి కొందరు తయారీదార్లు ఆముదం లాంటి నూనెలు కలిపి ఆ తూకం నింపేవాళ్లు. ఒకరు మాత్రం పరిశ్రమల్లో ప్లాస్టిక్కును మెత్తబరచడానికి వాడే ట్రైక్రెసిల్ ఫాస్ఫేట్ కలిపారు. రుచి లేదు, వాసన లేదు, ఆవిరి కాదు, పరీక్షకు అందలేదు. తాగినవాళ్లకు కొద్దిరోజుల్లో పిక్కలు లాగేవి, ఆ పైన పాదాలు జారిపోయేవి. నడిస్తే ముందు వేళ్లు, తర్వాత మడమ నేలకు తగిలేవి. వేలాది మంది జీవితాంతం అవిటివాళ్లయ్యారు. వాళ్లలో ఎక్కువమంది సీసా సారా కొనలేని పేదలు. తప్పుదారి పట్టిన నియమం అంటే ఇదే: ఆ పరీక్ష సరుకు సురక్షితమో కాదో చూడలేదు, తాగడానికి వీల్లేనంత చేదుగా ఉందో లేదో చూసింది.

మెథనాల్ సంగతీ అంతే. పరిశ్రమలకిచ్చే ఆల్కహాలును తాగకుండా అందులో మెథనాల్ కలపాలని ప్రభుత్వమే ఆదేశించింది. దొంగ వ్యాపారులు దాన్ని మళ్లీ శుద్ధి చేయబోయి సగంలో వదిలేశారు. మెథనాల్ కాలేయంలో ముందు ఫార్మాల్డిహైడ్‌గా, ఆపై ఫార్మిక్ ఆమ్లంగా మారుతుంది. కంటి నరాన్ని కాల్చేది ఈ ఆమ్లమే. మార్పు మెల్లగా జరుగుతుంది కాబట్టి తాగిన 12 నుంచి 24 గంటల దాకా మామూలు మత్తే అనిపిస్తుంది. చూపు మసకబారిందని ఆసుపత్రికి వచ్చేసరికి చాలాసార్లు ఆలస్యమైపోతుంది. 10 మిల్లీలీటర్లు కళ్లు తీయగలవు, 30 మిల్లీలీటర్లు ప్రాణం తీయగలవు.

సిగరెట్: బ్యారన్ నుంచి ఫిల్టర్ దాకా

చుట్ట పొగ క్షార గుణంతో ఉంటుంది. అందులోని నికోటిన్ నోట్లోనే ఇంకుతుంది, గొంతులోకి లాగితే దగ్గు తన్నుకొస్తుంది. వర్జీనియా రకం ఆకును పొగాకు ఆరబెట్టే గది అయిన బ్యారన్‌లో గొట్టాల వేడికి ఐదు నుంచి ఏడు రోజులు క్యూరింగ్ చేస్తే ఆకులోని చక్కెర అలాగే నిలిచిపోతుంది. ఆ చక్కెర కాలినప్పుడు పొగకు కొద్దిగా ఆమ్ల గుణం వస్తుంది. ఆమ్లపు పొగ గొంతుకు సాఫీగా తగులుతుంది, కానీ అందులోని నికోటిన్ నోట్లో ఇంకదు. హాయి కావాలంటే ఊపిరితిత్తుల దాకా లాగాల్సిందే. లాగినప్పుడల్లా తారూ, అంటే పొగలోని జిగట మడ్డి, వెంట వెళుతుంది. జబ్బంతా ఈ చిన్న రసాయన మార్పులోంచే వచ్చింది.

1881లో పేటెంటు పొందిన బాన్‌సాక్ యంత్రం పది గంటల్లో 1,20,000 సిగరెట్లు చుట్టింది. చేయి తిరిగిన కార్మికుడు రోజంతా చుట్టినా సుమారు మూడు వేలు. ఉత్పత్తి అంతగా పెరిగాక కొనేవాళ్లను పుట్టించడమే కంపెనీల పనైంది.

1950లో రిచర్డ్ డాల్, బ్రాడ్‌ఫర్డ్ హిల్ 20 లండన్ ఆసుపత్రుల రోగుల మీద చేసిన అధ్యయనం అచ్చయింది. ఊపిరితిత్తుల క్యాన్సర్ ఉన్న 649 మంది మగవాళ్లలో పొగతాగనివాళ్లు ఇద్దరే. పోల్చడానికి తీసుకున్న ఇతర రోగుల్లో 27 మంది. 1954 జనవరిలో అమెరికా సిగరెట్ కంపెనీలు 400కు పైగా పత్రికల్లో ప్రకటన ఇచ్చి, పరిశోధనకు సాయం చేస్తామంటూ సందేహాన్ని బతికించే పని మొదలుపెట్టాయి. 1964లో అమెరికా ప్రభుత్వ ప్రజారోగ్య అధికారి అయిన సర్జన్ జనరల్ నివేదిక క్యాన్సర్ సంగతి తేల్చింది, పొగాకును మాత్రం వ్యసనం అనకుండా అలవాటు అంది. ఆ మాటను సవరించడానికి 1988 దాకా పట్టింది.

ఆ రెండు నివేదికల మధ్యకాలంలో వచ్చినవే లైట్ సిగరెట్లు. తారు కొలవడానికి 1967 నుంచి అమెరికాలో ఒక యంత్రం వాడేవారు. అది నిమిషానికి ఒక దమ్ము, రెండు సెకన్ల పాటు, 35 మిల్లీలీటర్లు లాగుతుంది. కంపెనీలు ఫిల్టర్ కాగితానికి చుట్టూతా కంటికి ఆనని సన్నటి రంధ్రాలు పెట్టాయి. యంత్రం లాగినప్పుడు ఆ రంధ్రాల్లోంచి గాలి చొరబడి పొగను పలుచన చేస్తుంది, పెట్టె మీద అంకె తగ్గుతుంది. మనిషి పట్టుకున్నప్పుడు అవే రంధ్రాలు పెదవుల కింద, వేళ్ల కింద మూసుకుపోతాయి. మూసుకోకపోయినా, అలవాటైన నికోటిన్ అందేదాకా మెదడు ఊరుకోదు. ఇంకా పెద్ద దమ్ము, ఇంకా తరచుగా, ఇంకా లోతుగా లాగిస్తుంది. మానేద్దామనుకున్న లక్షలాది మంది లైట్‌కు మారి, మానినంత పుణ్యం దక్కిందని నమ్మారు. సిగరెట్ తయారీలో వచ్చిన మార్పుల వల్లే ఊపిరితిత్తుల వెలుపలి అంచుల్లో పుట్టే అడినోకార్సినోమా అనే క్యాన్సర్ ముప్పు పెరిగిందని 2014 సర్జన్ జనరల్ నివేదిక తేల్చింది. పెట్టె మీద లైట్ అన్న మాటను ఐరోపా సమాఖ్య 2003లో, అమెరికా 2010లో నిషేధించాయి. పొగాకు నియంత్రణలో ఇంతకన్నా క్రూరమైన మోసం కనిపించదు.

పనిచేసినవాటిలో మొదటిది పన్ను. ధర 10 శాతం పెరిగితే ధనిక దేశాల్లో వాడకం సుమారు 4 శాతం, పేద దేశాల్లో సుమారు 5 శాతం తగ్గుతుంది. పిల్లల్లో తగ్గుదల ఇంకా ఎక్కువ. అయితే ఆదాయాలు, ధరలు పెరిగే వేగాన్ని మించి పన్ను పెరగాలి. అలాగే అన్ని రకాల పొగాకు మీదా ఒకేలా పడాలి. లేకపోతే తాగేవాడు చవక రకానికి మారతాడంతే.

సూది దొరకనివ్వని ఊరు

1980ల మొదట్లో ఎడిన్‌బరోలో హెరాయిన్ వాడకం పెరిగింది. పోలీసులు సిరంజిలు కనబడితే లాక్కున్నారు, దుకాణాలు అమ్మడం మానేశాయి. హెరాయిన్ ఆగలేదు, ఒక్కో సిరంజిని పదిమంది పంచుకున్నారు. 1986లో అక్కడి ఒక వైద్యశాలలో పరీక్షించిన 164 మంది సూది వాడకందార్లలో 51 శాతానికి ఎయిడ్స్ వైరస్ సోకినట్టు బయటపడింది. సమీపంలోని గ్లాస్గోలో, అక్కడా హెరాయిన్ విస్తారంగా ఉన్నా, ఆ స్థాయి కనిపించలేదు.

ఇక్కడ పరికరం నిర్మాణం కూడా లెక్కలోకి వస్తుంది. సూదిని విడదీయగల సిరంజిలో పిస్టన్ అడుగంటా నొక్కినా సూది మొదట్లో, గొట్టంలో కొంత రక్తం మిగిలిపోతుంది. సూది కలిసే ఉన్న ఇన్సులిన్ సిరంజిలో మిగిలేది దానితో పోలిస్తే అతి స్వల్పం. మిగిలిన ఆ రక్తంలో వైరస్ వారాల తరబడి బతకగలదు. అందుకే సూదుల మార్పిడి కేంద్రంలో ఏ సిరంజి ఇస్తున్నారన్నదీ, ఎన్ని ఇస్తున్నారన్నదీ ముఖ్యమే. తెచ్చిన ఒక్కోదానికి ఒక్కోటే ఇస్తామంటే చాలాసార్లు పాత సూదే గతి.

హెరాయిన్ బదులు నోటితో తీసుకునే మెథడోన్ మందు చికిత్స వేగం సూత్రాన్నే తిరగేసి వాడుకుంటుంది. న్యూయార్క్‌లో విన్సెంట్ డోల్, మేరీ నిస్వాండర్ 1960ల మధ్యలో దీన్ని నిలబెట్టారు. హెరాయిన్ నాలుగైదు గంటల్లో దిగిపోతుంది, మనిషి రోజంతా తర్వాతి సూది వేటలోనే ఉంటాడు. మెథడోన్ నెమ్మదిగా ఎక్కి సుమారు రోజంతా నిలుస్తుంది, ఉద్యోగానికి వెళ్లనిస్తుంది. తప్పు ఎక్కువగా మోతాదులో జరుగుతుంది. మొదటి రోజు మోతాదు తక్కువగానే ఉండాలి. మందు ఒంట్లో రోజురోజుకూ పేరుకుంటుంది కాబట్టి తొలి రెండు వారాలే ప్రాణగండం. ఆ పైన చాలామందికి 60 మిల్లీగ్రాములు, అంతకు మించి అవసరమవుతుంది. తక్కువ ఇస్తే మంచిదన్న భావనతో 30, 40 దగ్గరే ఆపేసిన కేంద్రాల నుంచి రోగులు తిరిగి వీధి సరుకుకే వెళ్లారు. జైలు నుంచి విడుదలైన తొలి రెండు వారాలదీ ఇలాంటి ప్రమాదమే. లోపల మానేసిన మనిషికి తట్టుకునే శక్తి పోయి ఉంటుంది, పాత మోతాదే ఇప్పుడు చంపుతుంది.

ఇదే వెలుగులో ఈ-సిగరెట్ల తాజా తగాదాను చూడాలి. తొలి తరం పరికరాల్లోని నికోటిన్ గొంతును మండించేది, ఎక్కువ కలపడానికి వీలయ్యేది కాదు. 2015లో వచ్చిన జూల్ అనే బ్రాండ్ అందులో బెంజోయిక్ ఆమ్లం కలిపింది. బ్యారన్ పొగాకులో చక్కెర చేసిన పనే ఇక్కడ ఈ ఆమ్లం చేసింది. అమెరికాలో మిల్లీలీటరుకు 59 మిల్లీగ్రాముల నికోటిన్ ఉన్నా బడిపిల్లలు సాఫీగా పీల్చగలిగారు. ఐరోపా సమాఖ్య పరిమితి 20 మిల్లీగ్రాములు. సిగరెట్ విషయంలో అమెరికా మందుల నియంత్రణ సంస్థ 2025 జనవరిలో మరో అడుగు ప్రతిపాదించింది. గ్రాము పొగాకులో నికోటిన్ 0.7 మిల్లీగ్రాములు దాటకూడదన్నది ఆ నియమం. మామూలు సిగరెట్ పొగాకులో ఉండేది అంతకు ఇరవై రెట్ల పైమాటే. ఇది లైట్ సిగరెట్ లాంటిది కాదు. రంధ్రాలు మూసుకున్నా, దమ్ము ఎంత లోతుగా లాగినా, ఆకులోనే లేని నికోటిన్ మెదడుకు చేరదు.